రేడియో అన్నయ్య

ఈ నెల గోడపత్రికకి పిల్లల కోసం బతికిన ఒక పెద్దాయన జీవితం రాస్తున్నాను.

ఆయన పేరు న్యాయపతి రాఘవరావు గారు. 1905 ఏప్రిల్ 13న బరంపురంలో పుట్టేరు. ఆ ఊరు ఇప్పుడు ఒడిశాలో ఉంది. ఆయన భార్య కామేశ్వరి గారు. పిల్లల పని అంతా ఇద్దరూ కలిసే చేసేరు.

అప్పట్లో టీవీ లేదు. 1938లో మద్రాసులో రేడియో కేంద్రం పెట్టేరు. వీళ్ళిద్దరూ అందులో తెలుగు పిల్లల కార్యక్రమం నడిపేరు. ఆయన్ని అందరూ రేడియో అన్నయ్య అనీ, ఆవిడని రేడియో అక్కయ్య అనీ పిలిచేవారు. పిల్లల కోసం కథలు, నాటికలు, పాటలు రాసేవారు. రాసినవి పిల్లలకి నేర్పించి, వాళ్ళ చేతే చెప్పించేవారు.

ఆ రోజుల్లో ముందే రికార్డు చేసి పెట్టుకోవడం తక్కువ. మైకు ముందు పిల్ల నోరు తెరిస్తే అప్పటికప్పుడే ఊళ్ళన్నిటా వినపడేది. తప్పు పోతే చెరపడానికి రబ్బరు ఉండదు కదా! అయినా పిల్లలు భయపడకుండా మాట్లాడేలా చేసేరు. అదే ఆయన గొప్ప.

1940లో ఆంధ్ర బాలానంద సంఘం పెట్టేరు. 1945లో బాల అనే పిల్లల పత్రిక మొదలుపెట్టేరు. ముళ్ళపూడి వెంకటరమణ గారి మొదటి కథ అందులోనే వచ్చింది. ఆయనది ధవళేశ్వరం. అప్పటికి ఆయనకి నా వయసే, 14 ఏళ్ళు! బాపు గారు కూడా చిన్నప్పుడు ఆ పత్రికకి బొమ్మలు వేసేరు. బాపు గారిది నరసాపురం. మన సఖినేటిపల్లి రేవు దాటితే అదే.

ఆంధ్రప్రదేశ్ వచ్చేక అన్నయ్య, అక్కయ్య హైదరాబాదు వెళ్ళి అక్కడి రేడియోలోనూ పిల్లల కార్యక్రమం చేసేరు. 1980లో అక్కయ్య చనిపోయేరు. 1984 ఫిబ్రవరి 24న అన్నయ్య చనిపోయేరు.

ఆయన గురించే ఎందుకు రాసేనంటే, మా ఇంట్లో కోయ భాష. అమ్మానాన్నలకి చదువు రాదు. మా కొండ మీద అమ్మ చిన్నప్పుడు రేడియో లేదు, బడీ లేదు. నేను ఆరో తరగతిలో చేరి ప్రార్థనలో మొదటిసారి చదివినప్పుడు నా మాట విని కొందరు నవ్వేరు. ఆ తర్వాత రెండేళ్ళు నేను ముందుకి వెళ్ళలేదు. తెలిసినా చెయ్యి ఎత్తలేదు. అప్పుడు ఒక అన్నయ్యో అక్కయ్యో పక్కన నిలబడి, నేర్పించి, ముందుకి తోసి ఉంటే ఆ రెండేళ్ళు పోయేవి కావు. ఇప్పుడు ఆరో తరగతిలో కూడా అలాంటి చెల్లెళ్ళు ఉన్నారు. వెనక వరసలో కూర్చుంటున్నారు, నేను చూస్తున్నాను.

మేడమ్ గారూ, మనకి రేడియో కేంద్రం అక్కర్లేదు. ఆదివారం సాయంత్రం ఒక గంట ఇస్తే చాలు. భోజనాల హాల్లో కూర్చుని రోజుకి అయిదుగురం కథో పాటో చెప్తాం. తెలుగు రాని వాళ్ళు ముందు వాళ్ళ భాషలోనే చెప్పనీయండి, తర్వాత తెలుగులో మేం సాయం చేస్తాం. ఎవరూ నవ్వకూడదు, అదొక్కటే రూలు.

మొదటి ఆదివారం మొదటి కథ నేను చెప్తాను.

– 9వ తరగతి విద్యార్థిని