జాకబ్ ఇస్రాయెల్ డి హాన్

జాకబ్ ఇస్రాయెల్ డి హాన్ (1881 డిసెంబరు 31 - 1924 జూన్ 30) నెదర్లాండ్స్ దేశానికి చెందిన యూదు కవి, నవలా రచయిత, న్యాయశాస్త్ర పండితుడు. యూదు మతనిష్ఠను, పురుషుల పట్ల తనకు గల ప్రేమను రెండింటినీ దాచక కవిత్వంలో పలికించిన వ్యక్తిగా ఈయన ప్రసిద్ధుడు.

జీవిత విశేషాలు

డి హాన్ స్మిల్డె గ్రామంలో సంప్రదాయ యూదు కుటుంబంలో జన్మించాడు. ఆమ్‌స్టర్‌డామ్‌లో ఉపాధ్యాయునిగా ఉండగా, 1904లో పురుషుల మధ్య ప్రేమ ఇతివృత్తంగా 'పైపెలైన్‌ట్యెస్' నవలను ప్రచురించి ఉద్యోగం కోల్పోయాడు. 1907లో ఒక వైద్యురాలిని వివాహమాడాడు. యౌవనంలో విడిచిన మతాచారాలను తరువాత మరల స్వీకరించాడు. 1919లో జెరూసలేం చేరాడు. తొలుత జియోనిస్టు అయిన ఈయన, అక్కడ ఆ ఉద్యమాన్ని వ్యతిరేకించే ఛాందస యూదుల పక్షం వహించాడు. ఆ కారణంగా 1924లో హగానా సభ్యులు ఈయనను కాల్చి చంపారు.

రచనలు

1924లో వెలువడిన చతుష్పదుల సంపుటి 'క్వాట్రెయినెన్'లో దైవభక్తి, పురుషప్రేమ పక్కపక్కనే కనిపిస్తాయి. ఒకదాని కొరకు మరొకదానిని ఈయన విడువలేదు. రెండింటి నడుమ సంఘర్షణనే కవితావస్తువుగా చేసుకున్నాడు. ఆమ్‌స్టర్‌డామ్‌లో 1987లో ఆవిష్కరించిన స్వలింగ ప్రేమికుల స్మారకంపై ఈయన కవితాపంక్తిని చెక్కారు.