కుటుంబ న్యాయస్థానం కోరిన గోదావరి ఆడపడుచు

దుర్గాబాయి దేశ్‌ముఖ్ గారి పేరు చెప్పగానే తెలుగువారికి ఆంధ్ర మహిళా సభ గుర్తుకొస్తుంది. ఆ ఆసుపత్రి, ఆ బడులు, ఆ కాలేజీలు మన కళ్ళ ముందున్నవే. ఆమె చేసిన మరో పని గురించి మాత్రం పెద్దగా ఎవరూ చెప్పుకోరు. అది హిందువుల ఇళ్ళకు ఎంత సంబంధించినదో మన ఇళ్ళకూ అంతే సంబంధించినది. ఉమ్మడి పౌరస్మృతి మాట పత్రికల్లో వచ్చిన ప్రతిసారీ మన ఇళ్ళలో గుబులు మొదలవుతుంది కనుక, ఈ వారం ఆమె జీవితం ఒకసారి చూద్దాం.

దుర్గాబాయి 1909 జూలై 15న రాజమండ్రిలో పుట్టారు. తండ్రి రామారావు, తల్లి కృష్ణవేణమ్మ. ఎనిమిదేళ్ళ వయసులోనే సుబ్బారావు అనే బంధువుల అబ్బాయికిచ్చి పెళ్ళి చేశారు. ఆనాటి గోదావరి జిల్లాలో అది వింతేమీ కాదు. బాల్యవివాహాలను అడ్డుకునే శారదా చట్టం రావడానికి ఇంకా పన్నెండేళ్ళుంది. ఊహ తెలిశాక ఆ అమ్మాయి ఈ కాపురం తనకు వద్దని పెద్దల ముందే చెప్పేసింది. చదువుకుంటానంది. తండ్రీ తమ్ముడూ ఆమె పక్షాన నిలిచారు. సుబ్బారావు మరొక పెళ్ళి చేసుకున్నారు.

ఇక్కడ చట్టం సంగతి కాస్త ఆగి చూడాలి. అప్పటి హిందూ ధర్మశాస్త్రంలో విడాకులు లేవు. మగవాడు ఒక భార్య ఉండగా మరొకరిని చేసుకోవచ్చు. ఆడమనిషికి మాత్రం ఆ ముడి బతికున్నంత కాలం వీడేది కాదు. పుట్టింటివారు మంచివారు కాబట్టి దుర్గాబాయి బతుకు నిలబడింది. చట్టం వల్ల నిలబడలేదు.

మరి అదే కాలంలో అమలాపురంలోనో రాజోలులోనో ఎనిమిదేళ్ళకు నికాహ్ అయిన ముస్లిం పిల్ల పరిస్థితి ఏమిటి? మన ఫిఖహ్‌లో ఖియారుల్ బులూగ్ అనే హక్కు ఉంది. చిన్నతనంలో చేసిన నికాహ్‌ను యుక్తవయసు రాగానే ఆ పిల్ల కాదనవచ్చు. అయితే హనఫీ పండితుల ప్రసిద్ధ అభిప్రాయం ప్రకారం తండ్రి గానీ తాత గానీ చేసిన నికాహ్‌కు ఈ హక్కు వర్తించదు. చాలా నికాహ్‌లు చేసేది తండ్రే కదా! పైగా భర్త కనిపించకుండా పోయినా, తిండి పెట్టకపోయినా హనఫీ ఫిఖహ్‌లో భార్యకు దారి చాలా ఇరుకు. మాలికీ ఫిఖహ్‌లో ఆ దారి విశాలం. వేరే దారి లేక కొందరు స్త్రీలు ఆ పెళ్ళి రద్దు కావడం కోసమే మతం విడిచామని ప్రకటించుకునే దుస్థితి వచ్చింది. అది చూసి తల్లడిల్లిన మౌలానా అష్రఫ్ అలీ థానవీ గారు 1930ల తొలినాళ్ళలో మదీనా మాలికీ పండితుల ఫత్వాలు తెప్పించుకుని అల్ హీలతున్నాజిజా అనే గ్రంథం రాశారు. ఆ ఆలోచన మీదే ఖాజీ ముహమ్మద్ అహ్మద్ కాజ్మీ గారు కేంద్ర శాసనసభలో బిల్లు పెట్టారు. 1939లో అది ముస్లిం వివాహాల రద్దు చట్టమైంది. భర్త నాలుగేళ్ళు జాడ లేకపోయినా, రెండేళ్ళు పోషించకపోయినా, క్రూరంగా హింసించినా భార్య కోర్టుకు వెళ్ళి వివాహం రద్దు చేయించుకోవచ్చు. పదిహేనేళ్ళలోపు తండ్రి చేసిన నికాహ్ అయినా సరే, కాపురానికి వెళ్ళని పిల్ల పద్దెనిమిదేళ్ళలోపు కాదంటే అది కూడా రద్దుకు కారణమే. ఉలమాల కలం నుంచి పుట్టి, ప్రభుత్వ శాసనంగా మారిన చట్టమిది. మన వ్యక్తిగత చట్టాన్ని ఎవరూ తాకలేదనే మాట చరిత్ర తెలియనివారు చెప్పేదే.

దుర్గాబాయి కథకు తిరిగి వద్దాం. 1921 ఏప్రిల్‌లో గాంధీ గారు కాకినాడ వచ్చారు. పన్నెండేళ్ళు నిండని ఈ పిల్ల ఆయన్ను దేవదాసీలతోనూ, ఘోషాలో ఉండే ముస్లిం స్త్రీలతోనూ కలపాలని పట్టుబట్టింది. అయిదు వేల రూపాయలు విరాళం తెస్తే అయిదు నిమిషాలు ఇప్పిస్తామని పెద్దలు అన్నారు. ఆ సొమ్ము ఆ స్త్రీలే పోగుచేశారు. సభ జరిగింది, అయిదు నిమిషాల్లో ముగియలేదు. గాంధీ గారి హిందీ ప్రసంగాన్ని తెలుగులో చెప్పింది కూడా ఆ పిల్లే. సమాజం పక్కన పెట్టిన స్త్రీలూ, పరదా చాటున ఉండే స్త్రీలూ ఒకే చోట కూర్చున్న ఆ సభను తలచుకుంటే ఆమె తర్వాతి జీవితమంతా అక్కడే మొదలైందనిపిస్తుంది. రెండేళ్ళ తర్వాత 1923 డిసెంబరులో కాకినాడలోనే కాంగ్రెసు మహాసభ జరిగింది. అధ్యక్షులు మన మౌలానా ముహమ్మద్ అలీ జౌహర్ గారు. ఖాదీ ప్రదర్శనశాల గుమ్మం దగ్గర వాలంటీరుగా నిలబడ్డ దుర్గాబాయి, టిక్కెట్టు లేదని జవహర్‌లాల్ నెహ్రూ గారిని ఆపేయడం అందరికీ తెలిసిన కథే.

1930లో మద్రాసులో ఉప్పు సత్యాగ్రహం. ఆ తర్వాత మూడేళ్ళలో మూడుసార్లు జైలు. మదురై జైలులో ఒంటరి గది. వెల్లూరు, మదురై జైళ్ళలో హత్యానేరాల మీద శిక్ష పడ్డ ఆడవాళ్ళను చూశారు. వాళ్ళలో చాలామందికి తమ మీద మోపిన నేరం ఏమిటో, కోర్టులో ఏం చెప్పుకోవాలో తెలియదు. తరఫున మాట్లాడేవారు లేరు. అక్కడే ఆమె న్యాయశాస్త్రం చదవాలని నిశ్చయించుకున్నారు. బయటికి వచ్చాక బెనారస్ నుంచి మెట్రిక్, ఆంధ్ర విశ్వవిద్యాలయం నుంచి ఆనర్సు, మద్రాసులో లా. 1942లో మద్రాసు హైకోర్టులో న్యాయవాదిగా నమోదయ్యారు. ఈ మధ్యలోనే 1937లో ఆంధ్ర మహిళా సభ మొదలైంది.

సుబ్బారావు చనిపోయాక ఆయన రెండో భార్య దిక్కులేనిదైంది. దుర్గాబాయి గారు ఆమెను చేరదీసి, చేతిపని నేర్పించి, సొంత కాళ్ళ మీద నిలబెట్టారు. మన ఇళ్ళలో సవతి అన్న మాటకున్న చేదు తెలిసినవారికి ఇది చిన్న విషయంగా కనబడదు.

1946లో మద్రాసు నుంచి రాజ్యాంగ సభకు ఎన్నికయ్యారు. ఉమ్మడి పౌరస్మృతి మీద చర్చ 1948 నవంబరు 23న జరిగింది. అప్పటి ముసాయిదాలో అది 35వ అధికరణం, ఇప్పుడు 44వది. మద్రాసు నుంచి వచ్చిన ముహమ్మద్ ఇస్మాయీల్, పోకర్ సాహెబ్, మహబూబ్ అలీ బేగ్ గార్లు వ్యక్తిగత చట్టాలను దీని నుంచి మినహాయించాలని సవరణలు ప్రతిపాదించారు. కె.ఎం. మున్షీ, నెల్లూరు జిల్లాలో పుట్టిన అల్లాడి కృష్ణస్వామి అయ్యర్ వాటిని వ్యతిరేకించారు. డాక్టర్ అంబేద్కర్ చివర్లో లేచి, ముందుగా ఇష్టపడినవారికే వర్తించేలా కూడా పార్లమెంటు దీన్ని మొదలుపెట్టవచ్చని సూచించారు. సవరణలు నెగ్గలేదు. అధికరణం ఆదేశిక సూత్రాల్లో చేరింది. అంటే కోర్టు ద్వారా అమలు చేయించుకోగలిగేది కాదు, ప్రభుత్వానికి దారి చూపేది మాత్రమే. 2022లో మన కోనసీమ జిల్లాకు పెట్టిన పేరు ఆ అంబేద్కర్ గారిదే. హిందూ కోడ్ బిల్లు ఆగిపోయినందుకు 1951లో ఆయన న్యాయమంత్రి పదవి వదులుకున్నారు. ఆ బిల్లును సభలో సమర్థించిన స్త్రీలలో దుర్గాబాయి ఒకరు. తర్వాత 1955, 56లో అది నాలుగు చట్టాలుగా విడిపోయి నెగ్గింది.

ఢిల్లీలో ఈ వాదం నడుస్తుండగానే మద్రాసులో 1949లో రెండు చట్టాలు వచ్చాయి. మనం అప్పుడు మద్రాసు రాష్ట్రంలో ఉన్నాం కాబట్టి రెండూ మన ఊళ్ళకు తగిలాయి. ఒకటి హిందువులకు రెండో పెళ్ళి నిషేధించి, విడాకులు అనుమతించింది. దుర్గాబాయికి ముప్ఫై ఏళ్ళ ముందు దొరకనిది గోదావరి జిల్లా ఆడపిల్లలకు అప్పుడు దొరికింది. రెండోది మన గురించి. 1937 షరీఅత్ చట్టం వ్యవసాయ భూములను మినహాయించింది. మద్రాసు సవరణ ఆ మినహాయింపును తీసేసింది. కోనసీమలో ఆస్తి అంటే కొబ్బరి తోట, వరి చేను. కాబట్టి అప్పటి నుంచి వాటిలోనూ కూతురికి షరీఅత్ ప్రకారం వాటా చట్టబద్ధమైంది. కొడుకు వాటాలో సగం. పొరుగింటి హిందూ కూతురికి ఉమ్మడి ఆస్తిలో పుట్టుకతో హక్కు రావడానికి మన రాష్ట్రంలో 1985 దాకా ఆగాల్సి వచ్చింది. మరి ఇన్నేళ్ళలో మన తోటల పంపకాల్లో ఎందరు చెల్లెళ్ళకు ఆ వాటా నిజంగా అందిందో మనకు తెలుసు. పెళ్ళికి కట్నం ఇచ్చేశాం కదా అని కాగితం మీద వేలిముద్ర వేయించుకునే అన్నదమ్ములు షరీఅత్ రక్షణ సభలకు ముందు వరుసలో కూర్చోవడం వింతే మరి.

1952 ఎన్నికల్లో దుర్గాబాయి గెలవలేదు. ప్రణాళికా సంఘంలోకి వెళ్ళారు. 1953 జనవరి 22న ఆర్థికమంత్రి చింతామణి దేశ్‌ముఖ్ గారిని రిజిస్టరు వివాహం చేసుకున్నారు. సాక్షుల్లో నెహ్రూ ఒకరు. ఆ మరుసటి ఏడాదే, 1954లో ప్రత్యేక వివాహ చట్టం వచ్చింది. ఏ మతం వారైనా దాని కింద పెళ్ళి చేసుకోవచ్చు. ఇక్కడ ఒక మాట మన పిల్లలకు చెప్పి ఉంచడం మంచిది. ఆ చట్టం కింద పెళ్ళి చేసుకున్న ముస్లిం ఆస్తి షరీఅత్ లెక్కన పంచబడదు, భారత వారసత్వ చట్టం లెక్కన పంచబడుతుంది. ఇది తెలియక సంతకాలు చేసేవారున్నారు.

ఇక అసలు విషయం. 1953లోనే ఆమె చైనా వెళ్ళారు. కుటుంబ తగాదాలకు అక్కడున్న వేరే న్యాయస్థానాలను చూశారు. తిరిగి వచ్చి బొంబాయి హైకోర్టు ప్రధాన న్యాయమూర్తి ఎం.సి. చాగ్లా గారితోనూ, న్యాయమూర్తి గజేంద్రగడ్కర్ గారితోనూ, నెహ్రూ గారితోనూ చర్చించారు. భార్యాభర్తల గొడవను భూమి దావాలా, దొంగతనం కేసులా నడపకూడదని ఆమె వాదన. వకీళ్ళ వాయిదాల మధ్య ఆడమనిషి ఏళ్ళ తరబడి తిరగలేదు. వినే చోటు వేరుగా ఉండాలి, ముందు రాజీకి చూడాలి, ఖర్చు తక్కువ కావాలి. జైల్లో చూసిన నోరులేని ఆడవాళ్ళను ఆమె మరచిపోలేదనడానికి ఇంతకంటే రుజువు అక్కర్లేదు. కోనసీమ నుంచి జిల్లా కోర్టుకంటే రేవులు దాటి రాజమండ్రి వెళ్ళాల్సిన కాలమది.

ఈ ఆలోచన మన చదువుకు కొత్త కాదు. భార్యాభర్తల మధ్య చీలిక వస్తుందనిపిస్తే అటు నుంచి ఒకరిని, ఇటు నుంచి ఒకరిని మధ్యవర్తులుగా పెట్టాలని దివ్య ఖుర్ఆన్ సూరె నిసా 35వ ఆయత్ చెబుతుంది. సాబిత్ బిన్ ఖైస్ (రజి) గారి భార్య ఆయనతో ఉండలేనని నేరుగా దైవప్రవక్త (స) వద్దకే వచ్చి చెప్పుకున్నారు. ఆయన విన్నారు. మెహర్‌గా పుచ్చుకున్న తోట తిరిగిచ్చి ఆమె విముక్తి పొందారు. ఖులాకు మూలం ఆ తీర్పే. ఆమె నేరుగా వెళ్ళగలిగిన చోటు ఉండబట్టే ఆ హక్కు హక్కయింది. నేడు మన జమాతుల్లో ఖులా అడిగిన అమ్మాయిని భర్త ఒప్పుకునే దాకా ఆగమని నెలల తరబడి తిప్పుతున్నారు. ఒకే చట్టమా, ఎవరి చట్టం వారిదా అన్న వాదనకు మనం ఇచ్చిన గొంతు, ఆ చట్టం ఆడపిల్లకు అందే చోటు ఏదన్న ప్రశ్నకు ఇవ్వలేదు. దుర్గాబాయి గారు అడిగింది ఆ రెండో ప్రశ్నే.

ఆమె 1981 మే 9న శ్రీకాకుళం జిల్లా నరసన్నపేటలో కన్నుమూశారు. కుటుంబ న్యాయస్థానాల చట్టం 1984లో వచ్చింది. వివాహం, విడాకులు, మనోవర్తి, పిల్లల సంరక్షణ తగాదాలు ఏ మతం వారివైనా అక్కడికే వెళతాయి. న్యాయస్థానం ఒకటే, వర్తించే చట్టం మాత్రం ఎవరిది వారిదే. న్యాయమూర్తి ముందు రాజీకి ప్రయత్నించాలి. వకీలు పెట్టుకోవడం హక్కుగా అడగడానికి లేదు. న్యాయమూర్తుల నియామకంలో స్త్రీలకు ప్రాధాన్యం ఇవ్వాలి. 2025 జూన్‌లో తెలంగాణ హైకోర్టు ఖులా మీద తీర్పు చెబుతూ, అది భార్యకున్న పూర్తి హక్కు అనీ, భర్త అంగీకారం మీద ఆధారపడదనీ, దానికి చట్టపు ముద్ర వేయాల్సింది కుటుంబ న్యాయస్థానమే అనీ తేల్చింది. అదే ఏడాది జనవరి 27 నుంచి ఉత్తరాఖండ్‌లో ఉమ్మడి పౌరస్మృతి అమల్లోకి వచ్చింది. మన పత్రికల్లోనూ, మన అరుగుల మీదా రెండో వార్తే నడిచింది.

1984 చట్టం మూడో సెక్షన్‌లో ఒక మాట ఉంది. పది లక్షల జనాభా దాటిన పట్టణంలో కుటుంబ న్యాయస్థానం తప్పనిసరిగా పెట్టాలి. మిగతా చోట్ల అవసరమని రాష్ట్ర ప్రభుత్వం భావిస్తే పెట్టవచ్చు. అమలాపురం, రాజోలు, కొత్తపేట మూడింటి జనాభా కలిపినా ఆ లెక్కకు దరిదాపుల్లోకి రాదు.