శ్రీమతి కందుకూరి రాజ్యలక్ష్మమ్మగారు

స్త్రీపునర్వివాహమునుగూర్చి మాటలాడునప్పుడు మనవారు వీరేశలింగము పంతులుగారి యుపన్యాసములను, పత్రికలను, శాస్త్రవాదములను స్మరింతురు. ఆ వివాహములకు నీరు తెచ్చిన దెవరు, అన్నము వండిన దెవరు అని యడుగువారు తక్కువ. మే మిచ్చట నా సంగతియే చెప్పఁదలఁచితిమి.

రాజ్యలక్ష్మమ్మగారికి పుట్టినింట పెట్టిన పేరు బాపమ్మ. 1861లో, పంతులుగారి పదుమూడవ యేట, వారికి వివాహమయ్యెను. బాల్యవివాహములను ఖండించుటకై పాటుపడిన మహనీయుని వివాహమును బాల్యవివాహమే. ఆచార మనఁగా నట్టిది. మన సమ్మతి నడుగక మునుపే మనలను గట్టివేయును.

మేము న్యాయవాదులము గనుక ముందుగాఁ జట్టము మాట చెప్పెదము. 1856వ సంవత్సరపు 15వ చట్టము వితంతువు చేసికొన్న వివాహమును జెల్లునదిగాఁ జేసెను. పూర్వభర్త యాస్తిలోని హక్కు మాత్ర మామెకుఁ బోయెడిది. అంతవఱకే. వంటబ్రాహ్మణుని రప్పించుటకుఁ గాని, తండ్రి తద్దినమునకు భోక్తలను గూర్చుటకుఁ గాని యే న్యాయస్థానమునకును శక్తి లేదు. వెలివడిన యింటి వారిని పేరంటమునకు బొట్టుపెట్టి పిలిచెడివారు గారు. పురోహితుఁడు గడప తొక్కెడివాఁడు గాఁడు. ఆడపిల్లకు సంబంధము వచ్చెడిది గాదు. చచ్చినచో మోయుటకు నలుగురు చేరెడివారు గారు. మగవాఁడు కచ్చేరికిఁ బోయి దీనిని గొంత మఱచెడివాఁడు. దినమంతయు నింటనుండు నిల్లాలికి మఱపు లేకుండెను.

1881 డిసెంబరు 11వ తేదీని రాజమహేంద్రవరమునఁ బంతులుగారి యింట గోగులపాటి శ్రీరాములుగారికిని, బాలవితంతువగు గౌరమ్మగారికిని వివాహము జరిగెను. వంటవారు రామనిరి. నీళ్లు మోయువారు మానిరి. కాకినాడ వర్తకులు పైడా రామకృష్ణయ్యగారు ధనసాహాయ్యము చేసిరి గాని, ధన మిచ్చినను వంటవాఁడు దొరకని దినము లవి. రాజ్యలక్ష్మమ్మగారు బిందె చేతఁబట్టి గోదావరికిఁ బోయి నీరు తెచ్చి, వచ్చినవారికిఁ దామే వండి వడ్డించిరి. కొద్దిదినములకే రెండవ వివాహము. మరల నదే బిందె, అదే పొయ్యి.

పిమ్మట శంకరాచార్యపీఠమునుండి బహిష్కారపత్రిక వచ్చెను. పెండ్లికి వచ్చిన స్నేహితులలోఁ గొందఱు ప్రాయశ్చిత్తము చేసికొని తొలఁగిరి. వారిని మేము గట్టిగా నిందింపఁజాలము. వారి యిండ్లలోను తద్దినము లున్నవి, పెండ్లి కెదిగిన పిల్ల లున్నారు. రాజ్యలక్ష్మమ్మగారికి భర్తను విడిచి రమ్మని బంధువులు బోధించిరి. ఆమె కదలలేదు. ఇది కేవలము పాతివ్రత్య మని మెచ్చుకొనువారు గలరు. మా కట్లు తోఁచదు. భర్త యాజ్ఞకు లోఁబడి యొక పెండ్లికి నీరు మోయవచ్చును. ఏండ్ల తరబడి మోయుటకుఁ దన విశ్వాసము వేఱుగా నుండవలెను.

ఏల ననఁగా నసలు పని పెండ్లి తరువాతనే మొదలయ్యెను. క్రొత్తదంపతులకు అత్తవారిల్లును లేదు, పుట్టినిల్లును లేదు. పండుగకుఁ బిలుచువారు లేరు. పంతులుగారి యిల్లే వారికిఁ బుట్టినిల్లు. ఆదరింపఁబడినవారిలోఁ గొందఱు తరువాత నిష్ఠురములాడిరి గూడ. అన్నము పెట్టిన యింట నది వింత గాదు. ఆ దంపతులకు సంతానము లేదు, గాని రాజమహేంద్రవరమునను చెన్నపట్టణమునను వితంతువులకుఁ బెట్టిన శరణాలయముల బాలికలకు రాజ్యలక్ష్మమ్మగారే తల్లి యైరి. తమ యాస్తిని పంతులుగారు హితకారిణీ సమాజమునకు ధారవోసినప్పుడు నామె యడ్డు చెప్పలేదు.

1910లో నామె పరలోకగతులైరి. పంతులుగారు 1919 మే 27వ తేదీవఱకు, దాదాపు తొమ్మిదేండ్లు, ఆమె లేకయే కాలము గడపిరి.