ఎడమ కాలితో ఆడించిన మాస్టారు



ఈ నెల మీకు ఒక స్కూలు మాస్టారి జీవితం గురించి చెప్పాలనుకుంటున్నాను. ఆయన పేరు సయ్యద్ అబ్దుల్ రహీం. హైదరాబాద్ వాళ్లకు రహీం సాబ్. మన దేశ ఫుట్‌బాల్ జట్టు ఆసియా క్రీడల్లో రెండే రెండుసార్లు బంగారు పతకం గెలిచింది. ఒకటి 1951లో, రెండోది 1962లో. రెండుసార్లూ కోచ్ ఆయనే. ఆయన జీవితం మీద 2024లో మైదాన్ అనే హిందీ సినిమా కూడా వచ్చింది. మీలో కొందరు పిల్లలతో కలిసి చూసే ఉంటారు. సినిమా చూసినవాళ్లకు ఆయన కోచ్‌గా గుర్తుంటారు. ఆయన ముందు ఒక టీచర్ అన్న సంగతి చాలామందికి తెలియదు.

రహీం 1909 ఆగస్టు 17న హైదరాబాద్‌లో పుట్టారు. అది నిజాం కాలం. పక్కనే సికింద్రాబాద్‌లో బ్రిటిష్ సైన్యం ఉండేది. సైనికులు ఆడే ఫుట్‌బాల్ చూసి ఊళ్లో కుర్రాళ్లు కూడా ఆ ఆట పట్టుకున్నారు. రహీం ఉస్మానియా యూనివర్సిటీలో చదువుకుంటూ అక్కడి జట్టుకు ఆడారు. తర్వాత స్థానిక లీగ్‌లో కమర్ క్లబ్ తరఫున ఆడారు. మంచి ఆటగాడే. కానీ ఆ రోజుల్లో ఫుట్‌బాల్ అన్నం పెట్టేది కాదు. డిగ్రీ పూర్తయ్యాక ఆయన టీచర్ ఉద్యోగంలో చేరారు. కాచిగూడ మిడిల్ స్కూల్, ఉర్దూ షరీఫ్, దారుల్ ఉలూమ్ హైస్కూల్, చాదర్‌ఘాట్ హైస్కూల్, ఇలా ఒక్కో బడి మారుతూ పాఠాలు చెప్పారు. మధ్యలో వ్యాయామ విద్యలో డిప్లొమా చేసి, బడిలో ఆటల బాధ్యత కూడా తీసుకున్నారు. మన భాషలో చెప్పాలంటే క్లాస్ టీచరూ ఆయనే, పీఈటీ సారూ ఆయనే.

1940ల్లో ఆయన హైదరాబాద్ ఫుట్‌బాల్ సంఘానికి కార్యదర్శి అయ్యారు. 1950లో హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టుకు కోచ్‌గా వెళ్లారు. చనిపోయేదాకా ఆ జట్టును వదల్లేదు. అందులో ఆడేవాళ్లు పోలీసు ఉద్యోగులు. అప్పట్లో దేశంలో ఫుట్‌బాల్ అంటే కలకత్తా, కలకత్తా అంటే ఫుట్‌బాల్. మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్ లాంటి పెద్ద క్లబ్బుల ముందు ఒక పోలీసు జట్టు ఎంత? అలాంటి జట్టు బొంబాయిలో జరిగే రోవర్స్ కప్‌ను 1950 నుంచి 1954 వరకు వరుసగా ఐదేళ్లు గెలిచింది. 1956-57, 1957-58లో రాష్ట్రాల మధ్య జరిగే సంతోష్ ట్రోఫీ కూడా రెండుసార్లూ హైదరాబాద్‌కే వచ్చింది.

ఇది ఎలా సాధ్యమైంది? ఇక్కడే మాస్టారి బుర్ర కనిపిస్తుంది. రహీం కొత్త రకం పోటీలు పెట్టేవారు. ఒక పోటీలో ఆటగాళ్లు తమకు అలవాటైన కాలితో బంతిని తన్నకూడదు. కుడి కాలి వాటం వాళ్లు మ్యాచ్ అంతా ఎడమ కాలితోనే ఆడాలి. ఎడమ వాటం వాళ్లకు కుడి కాలే గతి. ఇంకో పోటీలో డ్రిబ్లింగ్ నిషేధం. బంతి దగ్గర పెట్టుకుని విన్యాసాలు చేయకూడదు. అందిన వెంటనే తోటివాడికి పాస్ ఇవ్వాలి.

ఒక్కసారి ఊహించండి. బాగా ఆడతాడని పేరున్న కుర్రాడు ఎడమ కాలితో తన్నబోతే బంతి ఎటో పోతుంది. ఒడ్డున కూర్చున్నవాళ్లు నవ్వుతారు. కానీ ఆ మైదానంలో అందరి పరిస్థితీ అదే. అందరూ తడబడుతుంటే ఒకరిని చూసి ఒకరు సిగ్గుపడాల్సిన పని ఉండదు. పెద్ద మ్యాచ్‌లో తప్పు చేస్తే కప్పు పోతుంది. ఇక్కడ తప్పు చేస్తే పోయేదేమీ లేదు. అలా కొన్నాళ్లు ఆడాక ఆ కుర్రాడికి రెండు కాళ్లూ పనికొస్తాయి. బంతి ఎటువైపు నుంచి వచ్చినా ఒంటి కాలి ఆటగాడిలా చుట్టూ తిరగాల్సిన అవసరం ఉండదు.

మన ఆగిరిపల్లి, నూజివీడు వైపు తోటలున్న వాళ్లకు ఈ సంగతి నేను విడమరిచి చెప్పక్కర్లేదు. మామిడి అంటు నాటాక మొదటి రెండు మూడేళ్లలో పూత వస్తే తుంచేస్తారు. కాయ మీద ఆశ లేక కాదు. చెట్టు ముందు కాండం, కొమ్మ బలపడాలని. రహీం చేసింది అదే పని.

ఆయనకు ఇంకో అలవాటు ఉండేది. గల్లీల్లో, ఖాళీ స్థలాల్లో ఆడే కుర్రాళ్లను గమనించేవారు. సికింద్రాబాద్ దగ్గర అమ్ముగూడలో తులసీదాస్ బలరాం అనే పేదింటి అబ్బాయి అలాగే ఆయన కంట పడ్డాడు. ప్రాక్టీసుకు రమ్మంటే, అంత దూరం రావడానికి డబ్బుల్లేవన్నాడు. రహీం అతనికి సైకిల్ అద్దెకు డబ్బులిచ్చి రప్పించుకున్నారు. ఆ అబ్బాయి తర్వాత రెండు ఒలింపిక్స్ ఆడాడు. దేశం చూసిన గొప్ప ఫార్వర్డ్‌లలో ఒకడయ్యాడు.

ఇక దేశం జట్టు సంగతి. 1951లో ఢిల్లీలో మొదటి ఆసియా క్రీడలు జరిగాయి. ఫైనల్లో ఇరాన్ మీద 1-0తో గెలిచి మనవాళ్లు బంగారు పతకం అందుకున్నారు. మరుసటి ఏడాది హెల్సింకి ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో 1-10తో ఓడిపోయారు. మనవాళ్లలో చాలామంది అప్పటికి బూట్లు లేకుండానే ఆడేవారు. ఆ చలిలో, ఆ గడ్డి మీద వట్టి కాళ్లతో నిలబడలేకపోయారు. ఆ తర్వాతే మన ఫుట్‌బాల్ సమాఖ్య బూట్లు తప్పనిసరి చేసింది.

పది గోల్స్ తిన్న జట్టుకు కోచ్ అయితే మనం ఏం చేస్తాం? ఇంట్లో ప్రోగ్రెస్ రిపోర్ట్ చూసిన రోజు గుర్తు తెచ్చుకోండి. రహీం ఆ ఓటమితో ఆగిపోలేదు. యూరప్ జట్లు మైదానంలో మనుషుల్ని ఎలా నిలబెడుతున్నాయో గమనించి, మనవాళ్లకు సరిపోయేలా మార్చుకున్నారు. వెనక నలుగురు, మధ్యలో ఇద్దరు, ముందు నలుగురు ఉండే పద్ధతితో 1958లో బ్రెజిల్ ప్రపంచ కప్పు గెలిచింది. ఆ పద్ధతిని మన దేశంలో ముందుగా అలవాటు చేసినవాళ్లలో రహీం ఒకరు.

నాలుగేళ్లు గడిచాయి. 1956లో మెల్‌బోర్న్ ఒలింపిక్స్. ఆతిథ్య దేశం ఆస్ట్రేలియాను మనవాళ్లు 4-2తో ఓడించారు. నెవిల్ డిసౌజా ఒక్కడే మూడు గోల్స్ కొట్టాడు. ఒలింపిక్ ఫుట్‌బాల్‌లో సెమీఫైనల్ చేరిన మొదటి ఆసియా జట్టు మనదే. సెమీఫైనల్లో ఎదురుపడింది మళ్లీ యుగోస్లావియా. మొదటి గోల్ మనమే కొట్టాం. చివరికి 1-4తో ఓడాం, నాలుగో స్థానంతో తిరిగొచ్చాం. అయినా పది గోల్స్ ఇచ్చిన జట్టు మీద మొదట గోల్ కొట్టే స్థాయికి నాలుగేళ్లలో వచ్చాం. మార్కుల పట్టికలో రెండూ ఓటములే. తేడా తెలియాలంటే ఆట చూడాలి.

1960 రోమ్ ఒలింపిక్స్‌లో ఫ్రాన్స్‌తో 1-1గా సమం చేసుకున్నాం. ఆ జట్టులో రహీం కొడుకు సయ్యద్ షాహిద్ హకీం కూడా ఉన్నాడు. కానీ ఒక్క మ్యాచ్‌లోనూ మైదానంలోకి దిగలేదు. ఎవరు ఆడాలో తేల్చే కోచ్ సొంత తండ్రి. పిల్లల కోసం మనం ఎక్కడెక్కడ ఒక మాట చెప్పి చూస్తామో మనకు తెలుసు కదా. హకీం ఆ తర్వాత వైమానిక దళంలో పనిచేశాడు, అంతర్జాతీయ రిఫరీ అయ్యాడు, కోచ్‌గానూ పేరు తెచ్చుకున్నాడు.

1962 జకార్తా ఆసియా క్రీడల నాటికి రహీంకు క్యాన్సర్. ఆరోగ్యం బాగా దెబ్బతింది. అయినా జట్టుతో వెళ్లారు. మొదటి మ్యాచ్‌లోనే దక్షిణ కొరియా చేతిలో 0-2తో ఓటమి. తర్వాత థాయ్‌లాండ్ మీద గెలిచారు గానీ, ఆ మ్యాచ్‌లో డిఫెండర్ జర్నైల్ సింగ్ తలకు దెబ్బ తగిలి కుట్లు పడ్డాయి. జపాన్‌ను ఓడించి సెమీఫైనల్ చేరారు. అక్కడ రహీం ఎవరూ ఊహించని పని చేశారు. తలకు కట్టుతో ఉన్న డిఫెండర్‌ని తీసుకెళ్లి ముందు వరుసలో, గోల్ కొట్టే చోట నిలబెట్టారు. దక్షిణ వియత్నాం మీద 3-2తో గెలిచారు.

ఫైనల్ సెప్టెంబరు 4న. మళ్లీ దక్షిణ కొరియా. స్టేడియంలో లక్షమంది దాకా ఉన్నారు, దాదాపు అందరూ మనకు వ్యతిరేకమే. ఇజ్రాయెల్, తైవాన్‌లను ఆ క్రీడలకు రానివ్వకపోవడాన్ని ఒక భారత ప్రతినిధి తప్పుపట్టారు. దాంతో ఆ ఊళ్లో మన మీద కోపం రగిలింది. మన ఆటగాళ్లు బస్సులో తలలు వంచుకుని వెళ్లాల్సిన పరిస్థితి. ముందు రోజు రాత్రి రహీం ఆటగాళ్లను పిలిచి ఆ పతకాన్ని తనకు కానుకగా ఇమ్మని అడిగారని ఆ జట్టులోని వాళ్లు తర్వాత రోజుల్లో చెప్పుకునేవారు. ఆట మొదలైన ఇరవై నిమిషాల్లోనే పీకే బెనర్జీ ఒకటి, కుట్లు పడిన తలతోనే జర్నైల్ సింగ్ ఒకటి కొట్టారు. ముందు నుంచి బలరాం, వెనక గోల్ దగ్గర హైదరాబాద్‌లోనే పుట్టిన పీటర్ తంగరాజ్. 2-1తో గెలిచాం. మొదటి మ్యాచ్‌లో మనల్ని ఓడించిన జట్టునే ఓడించి పతకం తెచ్చుకున్నాం.

తొమ్మిది నెలల తర్వాత, 1963 జూన్ 11న రహీం చనిపోయారు. వయసు 53. ఆయన పోయాక మన జట్టు ఆసియా క్రీడల్లో మళ్లీ బంగారు పతకం గెలవలేదు. 1960 తర్వాత ఒలింపిక్స్ ఫుట్‌బాల్‌లో ఆడనూ లేదు. దానికి కారణాలు చాలా ఉండొచ్చు. ఒక టీచర్‌గా నాకు తోచేది ఒకటి. గెలిచిన మ్యాచ్‌లు అందరికీ గుర్తున్నాయి. ఎడమ కాలి పోటీలు చాలామంది మర్చిపోయారు.

ఇప్పుడు మన పిల్లల దగ్గరికి వస్తాను. మా ఏడో తరగతిలో ఒక అబ్బాయి ఉన్నాడు. వాళ్లకు రసాల తోట ఉంది. కాయను ఎప్పుడు కోయాలో, వరిగడ్డిలో ఎలా మాగబెట్టాలో తెలుగులో చెబితే క్లాసంతా నోరు తెరిచి వింటుంది. ఇంగ్లీష్ పరీక్షలో జవాబులు తప్పు లేకుండా రాస్తాడు. అదే మామిడి గురించి ఇంగ్లీష్‌లో రెండు ముక్కలు చెప్పమంటే నేల చూపులు చూస్తాడు. తప్పు మాట్లాడితే నవ్వుతారని భయం. మన పిల్లల్లో చాలామందికి మాట్లాడే ఇంగ్లీష్ ఎడమ కాలు. కొందరికి లెక్కలు ఎడమ కాలు. బాగా చదివే కొందరికి పీఈటీ పీరియడే ఎడమ కాలు. వారం వారం టెస్టు, ర్యాంకు ఉన్నచోట పిల్లవాడు ఏం చేస్తాడు? మార్కులు తెచ్చే కాలితోనే తన్నుతాడు. రెండో కాలిని దాచుకుంటాడు. మీరూ మేమూ కలిసి అలవాటు చేసిందే ఇది.

అందుకే ఈ నెల నుంచి శనివారం చివరి పీరియడ్‌ను మాట్లాడే ఇంగ్లీష్‌కు కేటాయిస్తున్నాం. పిల్లలు తమకు బాగా తెలిసిన విషయం గురించి వచ్చినట్టు మాట్లాడాలి, అంతే. మధ్యలో ఆపి తప్పులు దిద్దం. మార్కులు వేయం. రిపోర్టులో రాయం. అందరూ తడబడే క్లాసు కాబట్టి ఎవరూ ఎవర్నీ చూసి నవ్వరు.

మీ నుంచి కోరేది ఒక్కటే. శనివారం సాయంత్రం బాబుని గానీ పాపని గానీ ఎన్ని మార్కులొచ్చాయని అడక్కండి. ఈ రోజు దేని గురించి మాట్లాడావని అడగండి. వాళ్లు అక్కడే ఇంగ్లీష్‌లో చెప్పబోయి తడబడితే, పూర్తయ్యేదాకా వినండి. తప్పుల సంగతి మేం తర్వాత చూసుకుంటాం.