జమీందారులకు కంటగింపైన సినిమా మనిషి – గూడవల్లి రామబ్రహ్మం

ఎమర్జెన్సీ రోజుల్లో అమృత్ నహతా తీసిన వ్యంగ్య చిత్రం 'కిస్సా కుర్సీ కా' ప్రింట్లను 1975లో తగలబెట్టారని చాలామందికి తెలుసు. అంతకు 36 ఏళ్ళ ముందే మన తెలుగు సినిమా ఒకటి ఏలినవారి కోపానికి గురైంది. దాన్ని తీసినవారు గూడవల్లి రామబ్రహ్మం.

ఆయన 1902లో కృష్ణా జిల్లా నందమూరులో పుట్టారు. మద్రాసులో 'ప్రజామిత్ర' పత్రిక నడిపిన సంపాదకుడు. పత్రిక చదువు వచ్చినవాడికే అందుతుంది. సినిమా ఏ చదువూ లేని పాలేరుకి కూడా అందుతుంది. ఈ తేడా ఆయనకు బాగా తెలుసునని నా నమ్మకం. తెర మీద దేవుళ్ళూ రాక్షసులూ కొట్టుకుంటున్న కాలంలో, 1938లో, అంటరానితనం మీద 'మాలపిల్ల' తీశారు. కథ చలంగారిది, సంభాషణలు తాపీ ధర్మారావుగారివి. తెరమీద మనుషులు ఇంట్లో మాట్లాడుకునే తెలుగే మాట్లాడారు.

మరుసటి ఏడు 'రైతుబిడ్డ'. కొసరాజు రాఘవయ్యగారు సినిమాకి పాటలు రాయడం దీనితోనే మొదలు. ఓ రైతు జమీందారు చెప్పినవాడికి కాక రైతుల అభ్యర్థికి ఓటు వేస్తాడు. అంతే, వేధింపులు మొదలవుతాయి. ఆ రైతుగా బళ్ళారి రాఘవ నటించారు. ఇదంతా గాలిలోంచి పుట్టిన కథ కాదు. 1802 నాటి శాశ్వత శిస్తు పద్ధతి కింద నలిగిన రైతు గోడు మీద టంగుటూరి ప్రకాశంగారి సంఘం 1938లోనే నివేదిక ఇచ్చింది. ఆ నివేదిక చదివినవాళ్ళు ఎందరు? సినిమా మాత్రం ఊరూరా తిరుగుతుంది. అందుకే బొబ్బిలి, వెంకటగిరి జమీందారులు ఉలిక్కిపడి నోటీసులు పంపారు. బ్రిటిష్ ప్రభుత్వమూ నిషేధం పెట్టింది.

ఇందులో ఓ తమాషా ఉంది. ఈ రెండు సినిమాలూ తీసిన సారథి సంస్థ వెనుక ఉన్నది స్వయంగా జమీందారే, చల్లపల్లి రాజా! అది ఆదర్శమా, సాటి జమీందారుల మీద పోటీయా అంటే, రెండూ కొంతకొంత ఉండి ఉంటాయి లెండి. చందానగర్ నుంచి అమీర్‌పేట వెళ్ళేవాళ్ళకు కనిపించే సారథి స్టూడియోకి ఆ పేరు అక్కడిదే.

దెబ్బ తిన్నాక రామబ్రహ్మంగారు అంత సూటిగా ఎవరినీ ఢీకొనలేదు. 'ఇల్లాలు', 'పంతులమ్మ', 'మాయాలోకం' తీశారు. 1946లో, 'పల్నాటి యుద్ధం' సగంలో ఉండగా పోయారు. మిగతాది ఎల్.వి. ప్రసాద్‌గారు పూర్తిచేస్తే 1947లో విడుదలైంది. మద్రాసు రాష్ట్రంలో జమీందారీల రద్దు చట్టం 1948లో వచ్చింది.