అలీ నవాజ్ జంగ్: నీళ్లు కట్టిన ఇంజనీరు, లెక్కలోకి రాని చేప

జూలై 10 జాతీయ మత్స్య రైతుల దినోత్సవం. జూలై 11 తెలంగాణ ఇంజనీర్ల దినోత్సవం. క్యాలెండర్‌లో పక్కపక్కనే ఉంటాయి కానీ ఒకదానికొకటి సంబంధం లేదు. మొదటిది 1957లో ఒడిశాలోని అంగుల్‌లో హీరాలాల్ చౌదరి, అలికున్హి కలిసి హార్మోన్ ఇంజెక్షన్‌తో పెంపకపు చేపల చేత గుడ్లు పెట్టించిన రోజు. రెండోది నవాబ్ అలీ నవాజ్ జంగ్ పుట్టినరోజు.

మాది దేవరకొండ వైపు. డిండి కట్ట మీద ఆడుకుంటూ పెరిగినోళ్లకు ఈ రెండు రోజులూ ఒకే నీళ్ల గురించినవి. అందుకే ఈసారి క్లబ్ పత్రికకి ఆయన జీవితం రాస్తానన్నాను. సెప్టెంబర్ 15న విశ్వేశ్వరయ్య ఫొటోకి దండ వేస్తాం, ఉపన్యాసాలు పెడతాం. జూలై 11 మాత్రం సెమిస్టర్ మొదలయ్యే హడావుడిలో ఎవరికీ గుర్తుండదు.

అసలు పేరు మీర్ అహ్మద్ అలీ. 1877లో హైదరాబాద్‌లో పుట్టాడు. సెయింట్ జార్జ్ గ్రామర్ స్కూల్, మదర్సా-ఎ-ఆలియా, ఆ తర్వాత నిజాం కాలేజ్. అంటే పూర్తిగా మన ఊళ్లో చదువుకున్న పిల్లాడే. 1896లో సర్కారు స్కాలర్‌షిప్ ఇచ్చి ఇంగ్లండ్‌లోని కూపర్స్ హిల్ కాలేజీకి పంపింది. ఇండియాలో పబ్లిక్ వర్క్స్ శాఖలకు ఇంజనీర్లను తయారు చేయడానికే పెట్టిన కాలేజీ అది. 1899లో తిరిగొచ్చి హైదరాబాద్ పబ్లిక్ వర్క్స్‌లో అసిస్టెంట్ ఇంజనీర్‌గా చేరాడు. నవాబ్ అలీ నవాజ్ జంగ్ బహదూర్ అనేది తర్వాత నిజాం ఇచ్చిన బిరుదు. చివరికి బిరుదే పేరై కూర్చుంది.

1908 సెప్టెంబర్ 28న మూసీ పొంగి హైదరాబాద్‌ను ముంచేసింది. వేలమంది చనిపోయారు. నిజాం పిలిపిస్తే విశ్వేశ్వరయ్య వచ్చి చూసి, ఊరికి పైన మూసీ మీద ఒకటి, ఈసీ మీద ఒకటి జలాశయాలు కట్టాలన్నారు. సలహా ఇచ్చినాయన పేరు అందరికీ తెలుసు. కానీ ఉస్మాన్‌సాగర్ 1920కి, హిమాయత్‌సాగర్ 1927కి పూర్తయ్యేదాకా ఆ పని వెంట ఉండి నడిపించింది స్థానిక ఇంజనీర్లు. వాళ్లలో అలీ నవాజ్ జంగ్ ముందు వరసలో ఉన్నాడు. 1918లో ఆయన చీఫ్ ఇంజనీర్ అయ్యాడు.

ఆ కుర్చీలో కూర్చున్నాయన ముందున్న సమస్య ఏంటో అర్థం కావాలంటే మన నేల సంగతి తెలియాలి. దక్కన్ వాగులకు మంచు నీళ్లు రావు. మూడు నాలుగు నెలలు పారతాయి, మిగతా ఏడాదంతా ఇసుకే. పాలమూరు, నల్గొండల్లో వాన తక్కువ, అదీ నమ్మకం లేని వాన. అందుకే ఇక్కడ బతకడమంటే నీళ్లు ఆపుకోవడమే. కందూరు చోడుల నాటి పానగల్లు ఉదయసముద్రం నుంచి ప్రతి పల్లెలోని కుంట దాకా అదే తెలివి. అలీ నవాజ్ జంగ్ ఆ తెలివినే పెద్ద కొలతలోకి తీసుకెళ్లాడు.

మంజీరా మీద నిజాంసాగర్ 1923లో మొదలై 1931లో పూర్తయింది. దాదాపు 29 టీఎంసీల నిల్వ, రెండు లక్షల డెబ్బై ఐదు వేల ఎకరాల ఆయకట్టు లక్ష్యం. ఆ రోజుల్లో అది దేశంలోనే చెప్పుకోదగ్గ కట్టడం. ఇప్పటి ఖమ్మం జిల్లాలోని పాలేరు, వైరా కూడా ఆయన హయాంలోవే. ఆయన తీర్చిదిద్దిన శాఖే 1940ల్లో మన డిండిని కట్టింది, దేవరకద్ర దగ్గర కోయిల్‌సాగర్ పని మొదలుపెట్టింది.

ఆయనకి రాయి, సున్నం ఎంత తెలుసో డబ్బు లెక్క కూడా అంతే తెలుసు. సింధులో సుక్కూర్ బ్యారేజ్ పనులను పరిశీలించడానికి 1929లో బొంబాయి ప్రభుత్వం ఇద్దరు ఇంజనీర్లను పిలిచింది. ఒకరు విశ్వేశ్వరయ్య, రెండోవారు ఈయనే. వేరే ప్రభుత్వం తన అతి పెద్ద ప్రాజెక్టును చూసి చెప్పమని అడిగిందంటే ఆ మాటకి ఎంత విలువ ఉండేదో ఊహించుకోవచ్చు.

అసలు కథ ఇక్కడే ఉంది. ఆ కాలంలో సాగునీటి ప్రాజెక్టును తూచే పద్ధతి సూటిగా ఉండేది: ఖర్చెంత, ఆయకట్టెంత, శిస్తు రూపంలో తిరిగొచ్చేదెంత. వరి ఆ లెక్కలో ఉంటుంది, తాగునీళ్లు ఉంటాయి. చేప మాత్రం పెద్దగా కనిపించదు. కట్ట కింద రైతు హక్కు కాగితం మీద ఉంటుంది. కట్ట లోపల వల వేసే బెస్తవారి, ముదిరాజుల బతుకు వాడుకలో మాత్రమే ఉంటుంది.

1938లో కాంగ్రెస్ నెహ్రూ అధ్యక్షతన జాతీయ ప్రణాళికా సంఘం వేసింది. నదులు, సాగునీటి ఉపసంఘానికి అలీ నవాజ్ జంగ్ అధ్యక్షుడయ్యాడు. నిజాం సంస్థానం ఇంజనీరును రాబోయే స్వతంత్ర దేశపు నీళ్ల ప్రణాళిక రాయమన్నారన్నమాట. అదే సంఘంలో చేపల పరిశ్రమకు వేరే ఉపసంఘం ఉంది. అంటే నీళ్లకు ఒక కాగితం, అదే నీళ్లలో ఈదే చేపకు ఇంకో కాగితం. ఆ విభజన ఇప్పటికీ అట్లనే ఉంది. గేటు ఎప్పుడు ఎత్తాలో ఒక శాఖ, చేప పిల్లలు ఎప్పుడు వదలాలో ఇంకో శాఖ చెబుతాయి.

చివరి ఏళ్లలో ఆయన కృష్ణా, తుంగభద్ర నీళ్లలో హైదరాబాద్ వాటా కోసం పనిచేశాడు. 1944లో మద్రాసుతో ఒప్పందం కుదిరింది. 1945 ఫిబ్రవరి 28న తుంగభద్ర డ్యాంకు రెండు వైపులా శంకుస్థాపన జరిగింది. అలంపూర్, గద్వాల వైపు రాజోలిబండ కాలువ ఆ తుంగభద్ర నీళ్ల లెక్కలోదే. డ్యాం పూర్తవడం ఆయన చూడలేదు. 1949 డిసెంబర్ 6న కన్నుమూశాడు.

జీవితం అక్కడితో అయిపోయింది కానీ కట్టినవి మిగిలాయి. వాటిని ఇవాళ చేప వైపు నుంచి ఒకసారి చూద్దాం.

క్లాసులో డెడ్ స్టోరేజ్ అని చదువుతాం. తూము మట్టానికి కింద ఉండే నీళ్లు. పారకానికి పనికిరావు, పూడిక కోసం వదిలేస్తారు. కానీ ఏప్రిల్‌లో వరికి నీళ్లన్నీ పోయాక చేప బతికేది అందులోనే. కొర్రమీను, జెల్ల, పరక లాంటివి తర్వాతి వానకి గుడ్లు పెట్టాలంటే ఆ మడుగే దిక్కు. మనం డెడ్ అన్నది వాటికి ప్రాణం. పూడిక పెరిగితే ముందు పోయేది అదే. నిజాంసాగర్ నిల్వ కూడా పూడిక వల్ల సగానికి పైగా పడిపోయింది. ఎత్తు పెంచాక గానీ 17.8 టీఎంసీలకు రాలేదు.

ఇక డబ్బు లెక్క. బొచ్చె, రవ్వ నిలవ నీళ్లలో గుడ్లు పెట్టవు. పిల్లల్ని బయటి నుంచి తెచ్చి వదలాలి. 1957కి ముందు వాటిని నదుల్లోనే పట్టుకోవాల్సి వచ్చేది. ఆ జూలై 10 తర్వాతే హేచరీలకు దారి దొరికింది. తెలంగాణలో 2016 నుంచి ప్రభుత్వం ఉచితంగా పిల్లల్ని వదులుతోంది. సరే, చెరువులో వెయ్యి చేపలున్నాయనుకుందాం. పావుకిలో దగ్గర పట్టేస్తే 250 కిలోలు. ముప్పావు కిలో అయ్యేదాకా ఆగితే, మధ్యలో మూడో వంతు చచ్చిపోయినా 500 కిలోలు. పైగా పెద్ద చేపకు కిలో ధర కూడా ఎక్కువ.

మరి ఎందుకు ఆగరు? నేను వదిలిన చేప రేపు నా వలలోనే పడుతుందన్న భరోసా లేదు కాబట్టి. దళారి దగ్గర తీసుకున్న అడ్వాన్స్ ఆగనివ్వదు కాబట్టి. 1954లో స్కాట్ గోర్డన్ అనే కెనడా ఆర్థికవేత్త సముద్రపు చేపల గురించి తేల్చింది ఇదే: అందరిదీ అయిన చేప ఎవరిదీ కాకపోతే, దాని మీద రావలసిన లాభమంతా పోటీలోనే కరిగిపోతుంది.

కాలువ నీళ్లకీ ఇదే జబ్బు. మొదట్లో ఉన్నోడు తోడేసుకుంటే చివరి మడికి చుక్క రాదు. దానికి మనోళ్లు వారబందీ పెట్టుకున్నారు, నీరటిని పెట్టుకున్నారు. చేపకే నీరటి లేడు. మత్స్య సహకార సంఘం ఆ పని చేయగలదు. వల కన్ను ఎంత ఉండాలి, గుడ్ల కాలంలో ఎన్ని రోజులు ఆపాలి, వేసవిలో ఏ మడుగు ముట్టకూడదు అన్నది సభ్యులే తేల్చుకోవాలి. పిల్లల్ని వదిలిన లెక్క, పట్టిన లెక్క బోర్డు మీద రాయాలి. కానీ తూము ఎంతవరకు తెరవాలన్న మాటలో సంఘానికి చోటు లేకపోతే ఇదంతా ఒక ఏప్రిల్‌లో ఎండిపోతుంది.

అలీ నవాజ్ జంగ్‌ను దీనికి తప్పుపట్టడం న్యాయం కాదు. ఆయన ముందున్న ప్రశ్న కరువు. దానికి తన కాలపు పరికరాలతో నిజాయితీగా జవాబు కట్టాడు. ఆయన కట్టకపోతే పాలేరులో, వైరాలో వల వేయడానికి నీళ్లే లేవు. లెక్కలో మిగిలిపోయిన గడిని నింపడం మాత్రం తర్వాతి వాళ్ల పని.

ఆ తర్వాతి వాళ్లం మనమే. రేపు మనలో ఎవరో ఒకరు ఏదో చెరువు ఎస్టిమేట్ వేస్తారు. తూము మట్టం గీసేటప్పుడు, ఆ గీత కింద ఎవరి బతుకు ఉందో ఒకసారి కట్ట మీదకెళ్లి అడిగి గీయండి.