తలనెరిసిన పాత్రల్లో నిలిచిపోయిన సంజీవ్ కుమార్

గుజరాత్‌లోని సూరత్ నగరం జరీకి, వస్త్రాలకు, వజ్రాల సానకు పేరెన్నికగన్నది. తెలంగాణ జిల్లాల నుంచి వలస వెళ్లిన ఎన్నో పద్మశాలి కుటుంబాలకు అక్కడి మరమగ్గాలే జీవనాధారం. హిందీ చలనచిత్ర రంగంలో సంజీవ్ కుమార్‌గా ప్రసిద్ధి చెందిన హరిహర్ జేఠాలాల్ జరీవాలా 1938 జూలై 9న ఆ నగరంలోనే జన్మించారు. నగరపు పాత వృత్తి ఆయన ఇంటిపేరులోనే ఉంది. బాల్యంలోనే కుటుంబం బొంబాయికి తరలివెళ్లింది. సినీరంగంలో ఎంత పేరు వచ్చినా సన్నిహితులకు ఆయన చివరి వరకు హరిభాయే.

రంగస్థలమే ఆయనకు తొలి పాఠశాల. భారతీయ ప్రజానాట్య సంఘం, అనంతరం ఇండియన్ నేషనల్ థియేటర్ నాటకాల్లో ఆయన నటించారు. ఆర్థర్ మిల్లర్ రచించిన అమెరికన్ నాటకం ‘ఆల్ మై సన్స్’ ప్రదర్శనలో వృద్ధుడి వేషం కట్టేనాటికి ఆయన వయసు 22 ఏళ్లు. ఆ మరుసటి ఏడాది ఎ.కె.హంగల్ రూపొందించిన నాటకంలో ఆరుగురు పిల్లలున్న 60 ఏళ్ల తండ్రిగా కనిపించారు. కథానాయకుడు కావాలని కలలు కనే వయసులో అద్దం ముందు కూర్చుని జుట్టుకు తెల్లరంగు పూసుకోవడం అలా మొదలైంది. ఆ తెల్లరంగే తర్వాత ఆయన నటజీవితాన్ని నిర్దేశించింది.

1960లో విడుదలైన ‘హమ్ హిందుస్తానీ’లో చిన్న వేషంతో ఆయన వెండితెరపై అడుగుపెట్టారు. 1965లో ‘నిశాన్’ చిత్రంతో కథానాయకుడయ్యారు. అయితే పరిశ్రమ దృష్టి ఆయనపై నిలిచింది సహాయ పాత్రల వల్లనే. 1968లో వచ్చిన ‘సంఘర్ష్’లో దిలీప్ కుమార్ వంటి మహానటుడి ఎదుట ఏమాత్రం తొణకకుండా నిలబడ్డారు. అదే ఏడాది ధర్మేంద్ర కథానాయకుడిగా వచ్చిన ‘శికార్’ ఆయనకు ఉత్తమ సహాయ నటుడిగా ఫిలింఫేర్ పురస్కారాన్ని తెచ్చిపెట్టింది.

ఆయన ఎదుగుదలలో తెలుగువారి భాగమూ ఉంది. అక్కినేని నాగేశ్వరరావు నటించిన ‘పునర్జన్మ’ను ఎల్.వి.ప్రసాద్ 1970లో ‘ఖిలోనా’ పేరుతో హిందీలో నిర్మించారు. మతి చలించిన యువకుడి పాత్రలో సంజీవ్ కుమార్‌ను దేశమంతా గుర్తించింది. 1974లో వచ్చిన ‘నయా దిన్ నయీ రాత్’లో ఆయన తొమ్మిది పాత్రలు ధరించారు. తమిళంలో శివాజీ గణేశన్, తెలుగులో అక్కినేని చేసిన ‘నవరాత్రి’కి అది హిందీ రూపం. దాసరి నారాయణరావు తన ‘స్వర్గం-నరకం’ చిత్రాన్ని 1978లో హిందీలో తీసినప్పుడు కూడా సంజీవ్ కుమార్‌నే ఎంచుకున్నారు.

‘దస్తక్’ చిత్రానికి, ఆ తర్వాత 1972లో వచ్చిన ‘కోశిశ్’కు ఆయన జాతీయ ఉత్తమ నటుడి పురస్కారం అందుకున్నారు. గుల్జార్ దర్శకత్వం వహించిన ‘కోశిశ్’లో ఆయనది వినికిడి, మాట లేని మనిషి పాత్ర. సంభాషణే ప్రాణంగా సాగే హిందీ సినిమాలో ఒక్క మాటైనా పలకకుండా కుటుంబ జీవితాన్ని, పుత్రశోకాన్ని, వార్ధక్యాన్ని కళ్లతో, చేతివేళ్లతో చూపించారు. అదే ఏడాది, అదే దర్శకుడి ‘పరిచయ్’లో ఆయన జయా భాదురికి తండ్రి. ‘కోశిశ్’లో ఆమెకే భర్త. మరుసటి ఏడాది ‘అనామిక’లో ఆమెకు ప్రియుడు. ఈ మూడింటినీ ప్రేక్షకులు తడబడకుండా అంగీకరించారు.

1975 ఆగస్టు 15న విడుదలైన ‘షోలే’ ఈ ప్రయాణంలో శిఖరం. తెర మీద ఎక్కువసేపు కనిపించేది ధర్మేంద్ర, అమితాబ్ బచ్చన్. కానీ పగ ఠాకూర్ బల్దేవ్ సింగ్‌ది, కోల్పోయిన కుటుంబం ఆయనది, ఆ ఇద్దరినీ ఊరికి రప్పించినదీ ఆయనే. రెండు చేతులూ శాలువా చాటున ఉండిపోయిన ఆ పాత్రలో నటుడికి మిగిలింది ముఖం, గొంతు, నిలబడే తీరు మాత్రమే. ‘కోశిశ్’లో మాట లేదు, ‘షోలే’లో చేతులు లేవు. నటుడికి అండగా ఉండే సాధనాలు తగ్గినకొద్దీ ఆయన నటన పదునెక్కింది. జయా భాదురి ఈసారి ఆయనకు వితంతువైన కోడలు. ఠాకూర్ పాత్ర ధరించేనాటికి ఆయనకు నలభై ఏళ్లు కూడా నిండలేదు.

1978లో యశ్ చోప్రా తీసిన ‘త్రిశూల్’లో ఆయన అమితాబ్‌కు, శశి కపూర్‌కు తండ్రి. అమితాబ్ ఆయనకంటే నాలుగేళ్లే చిన్న. శశి కపూర్ అయితే ఆయనకంటే దాదాపు నాలుగు నెలలు పెద్ద. తెలుగు ప్రేక్షకులకు ఇది కొత్త విషయం కాదు. ‘అర్ధాంగి’లో అక్కినేనికి తండ్రిగా నటించిన గుమ్మడి వెంకటేశ్వరరావు ఆయనకంటే మూడేళ్లు చిన్నవారు. గుమ్మడి పుట్టినరోజు కూడా జూలై 9వ తేదీ కావడం విశేషం.

ఇలాంటి పాత్రలకు నటుడు మూల్యం చెల్లించుకోవాల్సి ఉంటుంది. ఒకసారి తండ్రిగా కనిపించిన వ్యక్తిని నిర్మాతలు మళ్లీ ప్రేమకథల్లోకి పిలవడానికి సందేహిస్తారు. రాజేశ్ ఖన్నా, ఆ తర్వాత అమితాబ్ ప్రభంజనం వీచిన దశాబ్దంలో సంజీవ్ కుమార్ అగ్రతార స్థానం కోసం పోటీపడలేదు. పాత్ర బాగుంటే నెరిసిన జుట్టైనా, రెండో స్థానమైనా ఆయనకు సమ్మతమే. ‘ఆంధీ’, ‘అర్జున్ పండిత్’ చిత్రాలకు వరుసగా ఫిలింఫేర్ ఉత్తమ నటుడి పురస్కారాలు గెలుచుకున్న తర్వాత కూడా ఆ పద్ధతి మారలేదు. సత్యజిత్ రాయ్ 1977లో తీసిన ‘శత్రంజ్ కే ఖిలాడీ’లో రాజ్యం చేజారిపోతున్నా చదరంగం వదలని లక్నో ప్రభువుగా మెప్పించారు. 1982లో ‘అంగూర్’లో ద్విపాత్రాభినయంతో కడుపుబ్బ నవ్వించారు. అదే ఏడాది ‘విధాత’లో మళ్లీ దిలీప్ కుమార్ పక్కన సహాయ పాత్రకు అంగీకరించారు.

ఆయన వృత్తిజీవితం మచ్చలేనిదేమీ కాదు. చిత్రీకరణకు ఆలస్యంగా వస్తారన్న పేరు ఉండేది. గుర్తుంచుకోదగని చిత్రాలూ ఆయన జాబితాలో ఉన్నాయి. భోజనప్రియత్వం వల్ల శరీరం బరువెక్కింది. గుండె జబ్బు వెంటాడింది. తమ ఇంట మగవారు యాభై దాటరన్న భయం ఆయనను వదలలేదని సన్నిహితులు చెబుతూ వచ్చారు. అమెరికాలో శస్త్రచికిత్స జరిగినా ఆరోగ్యం పూర్తిగా కుదుటపడలేదు. 1985 నవంబరు 6న బొంబాయిలో గుండెపోటుతో కన్నుమూశారు. అప్పటికి ఆయన వయసు 47. ఆయన పెళ్లి చేసుకోలేదు. తెరపై ఎందరికో తండ్రి అయిన ఆయనకు సొంత సంతానం లేదు.

ఆయన మరణించేనాటికి అనేక చిత్రాలు నిర్మాణంలో ఉన్నాయి. కె.ఆసిఫ్ 1960లలో ప్రారంభించిన ‘లవ్ అండ్ గాడ్’ 1986లో విడుదలైంది. ‘ప్రొఫెసర్ కీ పడోసన్’ కథను ఆయన లేని లోటుకు తగినట్లు మార్చి 1993లో ప్రేక్షకుల ముందుకు తెచ్చారు. భారతీయ సినిమా శతాబ్ది సందర్భంగా 2013లో తపాలా శాఖ విడుదల చేసిన స్టాంపుల్లో ఆయన చిత్రానికి చోటు దక్కింది. సూరత్‌లో ఒక ప్రేక్షాగృహం నేడు ఆయన పేరుతో ఉంది.

కథానాయకుల తరం మారినప్పుడల్లా వారి సినిమాల మీద మోజు తగ్గడం సహజం. ఠాకూర్ బల్దేవ్ సింగ్‌ను మాత్రం ఆ చిత్రం విడుదలైన తర్వాత పుట్టినవారు కూడా పోల్చుకుంటారు. వారిలో చాలామందికి ఆ నెరిసిన జుట్టు వెనుక ఉన్నది నలభై దాటని మనిషని తెలియదు. సంజీవ్ కుమార్ కృషికి అంతకు మించిన గుర్తింపు లేదు.